10వ నంబర్ నుంచి వెనక్కి జరిపారు, ఇది డిమోషనా? పిర్లో గురించి తెలిసినవాళ్లు చెప్పండి

మౌలాలి_నాన్న | శనివారం రాత్రి 9:40

అందరికీ నమస్కారం. ఇన్నాళ్లూ ఇక్కడ చదవడమే తప్ప రాసింది లేదు. ఇప్పుడు అవసరం పడింది.

మావాడికి పదమూడేళ్లు. రెండేళ్లుగా ఒక అకాడమీలో ఫుట్‌బాల్ నేర్చుకుంటున్నాడు. మొన్నటిదాకా స్ట్రైకర్ వెనకాల, 10వ నంబర్ స్థానంలో ఆడించారు. బంతి కాలికి అతుక్కున్నట్టే ఉంటుంది కానీ పరుగు తక్కువ. పోయిన వారం కోచ్ వాణ్ని డిఫెన్స్‌కి ముందు నిలబెట్టారు. అప్పట్నుంచి ఇంట్లో ఒకటే అలక. "నన్ను వెనక్కి తోసేశారు నాన్నా" అని షూస్ మంచం కిందకి విసిరేశాడు. కోచ్‌ని అడిగితే "పిర్లో ఎవరో గూగుల్‌లో చూడండి సార్" అని నవ్వి వెళ్లిపోయారు.

నేను క్రికెట్ మనిషిని. వెతికితే ఇటలీ, గడ్డం, ఫ్రీకిక్‌లు అని ఏవేవో వచ్చాయి. నాకు కావాల్సింది అది కాదు. ఆయన్ని కూడా ఇలాగే వెనక్కి జరిపారా? ఎవరు, ఎప్పుడు, ఎందుకు? మావాణ్ని కూర్చోబెట్టి చెప్పాలి.

శాన్‌సిరో_శీను | శనివారం రాత్రి 10:05

సార్, మీ కోచ్ ఊరికే అనలేదు. అవును, జరిపారు. మొదటిసారి ముందు జాగా లేక, రెండోసారి తనే అడిగి మరీ.

మొదట్నుంచీ చెప్తాను. ఆండ్రియా పిర్లో 1979 మే 19న పుట్టాడు. బ్రెషియా నగరం పక్కన ఫ్లేరో అనే చిన్న ఊరు. పదహారేళ్లు నిండిన రెండ్రోజులకే, 1995 మే 21న, ఆ బ్రెషియా క్లబ్బు తరఫునే "సీరీ ఆ" (ఇటలీలో అన్నిటికన్నా పై లీగ్) మ్యాచ్‌లో దిగాడు. ప్రత్యర్థి రెజ్జానా. అప్పుడు అచ్చం మీవాడి స్థానమే. స్ట్రైకర్ల వెనక తిరుగుతూ ఆఖరి పాస్ ఇచ్చేవాడు.

1998లో ఇంటర్ మిలాన్ కొనుక్కుంది. ఇక అక్కడ మొదలయ్యాయి కష్టాలు. ఆ ఒక్క సీజన్‌లో ఇంటర్ నలుగురు కోచ్‌లను మార్చింది. కోచ్ పేరు గుర్తుపెట్టుకునేలోపే ఇంకొకాయన వచ్చేవాడు. పైగా ఆ స్థానంలో అప్పటికే బాజియో, జోర్కాయెఫ్, రెకోబా లాంటివాళ్లు ఉన్నారు. ఇరవై ఏళ్ల కుర్రాడి వంతు ఎప్పుడొస్తుంది? తర్వాతి ఏడాది దక్షిణాన ఉన్న రెజ్జీనాకి అద్దెకి పంపారు. అక్కడ బాగా ఆడాడు. తిరిగొచ్చాక మళ్లీ బెంచీయే.

ఒక్క మాట మాత్రం మీవాడికి చెప్పండి, పిర్లో 10వ నంబర్‌గా పనికిరాక వెనక్కి వెళ్లలేదు. 2000లో ఇటలీ అండర్-21 జట్టు యూరప్ కప్పు గెలిచింది, ఫైనల్లో చెక్ రిపబ్లిక్ మీద 2-1. ఆ రెండు గోల్సూ ఇతనివే. టోర్నీలో ఉత్తమ ఆటగాడు కూడా ఇతనే.

బానెట్_సీటు | శనివారం రాత్రి 10:31

శీను చెప్పిన కథలో అసలు మలుపు నేను చెప్తా, నా యూజర్ నేమ్‌కి కూడా న్యాయం జరుగుతుంది.

2001లో ఇంటర్ అతణ్ని మళ్లీ పాత ఊరు బ్రెషియాకే అద్దెకిచ్చింది. అక్కడ కోచ్ కార్లో మజోనే. పెద్దాయన, రోమ్ యాస, నోరు పెద్దది. పిర్లో దిగేసరికి బ్రెషియాలో 10వ నంబర్ చొక్కా ఎవరి ఒంటి మీద ఉంది? రాబర్టో బాజియో! చిన్నప్పట్నుంచీ ఎవరిలా ఆడాలనుకున్నాడో ఆయనే అక్కడ కూర్చున్నాడు. ఇక ఎక్కడ ఆడతాడు?

పాత ఆర్టీసీ బస్సులు గుర్తున్నాయా? సీట్లన్నీ నిండిపోతే డ్రైవర్ పక్కన బానెట్ మీద కూర్చోమనేవాళ్లు. కింద కాలుతుంటుంది, గేరు రాడ్డు మోకాలికి తగులుతుంటుంది. కానీ రోడ్డంతా మనకే కనిపిస్తుంది. సీట్లో కూర్చున్నవాడికి ముందువాడి తల తప్ప ఏం కనపడుతుంది? మజోనే చేసింది అదే. పిర్లోని డిఫెన్స్‌కి ముందు కూర్చోబెట్టాడు. బాజియో ఎక్కడికి పరిగెత్తుతున్నాడో, ఎవడు ఖాళీగా ఉన్నాడో మొత్తం కళ్లముందే.

2001 ఏప్రిల్ 1న టూరిన్‌లో యువెంటస్‌తో మ్యాచ్. బ్రెషియా 1-0తో వెనకబడి ఉంది, ఆట ఆఖరికి వచ్చింది. పిర్లో సెంటర్ సర్కిల్ దగ్గర తల ఎత్తాడు. డిఫెండర్ల నెత్తి మీదుగా ఒక పొడవాటి బంతి వేశాడు. బాజియో వెనక్కి చూసుకుంటూ పరిగెడుతున్నాడు. భుజం మీదుగా వచ్చిన బంతిని కాలి మీదకి తీసుకున్న ఆ ఒక్క టచ్‌తోనే గోల్‌కీపర్ వాన్‌డెర్‌సార్‌ని దాటేశాడు. ముందు ఖాళీ గోల్. 1-1. అందరూ బాజియో టచ్ గురించే మాట్లాడతారు, మాట్లాడాల్సిందే. కానీ ఆ వీడియో ఈసారి బంతి బయల్దేరిన చోటు నుంచి చూపించండి మీ అబ్బాయికి. పిర్లో చుట్టూ ఎంత ఖాళీ ఉందో చూడమనండి. స్ట్రైకర్ వెనక నిలబడినవాడికి ఆ ఖాళీ ఏడాదికి ఒకసారి కూడా దొరకదు.

మౌలాలి_నాన్న | శనివారం రాత్రి 10:52

బానెట్ ఉదాహరణ బ్రహ్మాండం సార్. నేనూ అక్కడ కూర్చునే కాలేజీకి వెళ్లాను. వీడు మాత్రం బానెట్ ఉన్న బస్సు చూసి ఎరగడు, దానికి వేరే ఉదాహరణ కావాలి.

నైట్‌షిఫ్ట్_నందిని | శనివారం రాత్రి 11:20

క్రికెట్‌లో చెప్పండి అన్నా. అదే 2001 మార్చి, కోల్‌కతా టెస్ట్. ఫాలో-ఆన్‌లో మన లక్ష్మణ్‌ని 3వ నంబర్‌కి పంపారు, 281. అందరికీ అదే గుర్తు. మరి 3 నుంచి ద్రావిడ్‌ని ఎక్కడికి తోశారు? ఆరుకి. ఆయన అలిగి షూస్ విసరలేదు, 180 కొట్టాడు. అది జరిగిన రెండు వారాలకే ఇటలీలో ఈ బాజియో గోల్.

మౌలాలి_నాన్న | శనివారం రాత్రి 11:24

అమ్మా, ఇది మాత్రం రేపు పొద్దున టిఫిన్ దగ్గరే చెప్తా.

అంకెల_ఆచారి | ఆదివారం ఉదయం 7:15

రాత్రి నిద్రపోయేసరికి మంచి చర్చ జరిగిపోయింది. ఒక చిన్న జాగ్రత్త మాట. మజోనే దగ్గర పిర్లో ఆడింది సగం సీజనే. దాంతోనే ప్రపంచం మారిపోయిందని ఇంటర్‌వాళ్లు అనుకోలేదు. అనుకుని ఉంటే అదే వేసవిలో, అదే ఊళ్లో, అదే స్టేడియంలో ఆడే ఏసీ మిలాన్‌కి అమ్మేవారు కాదు. ధర 3,500 కోట్ల లీరాలు, అంటే దాదాపు 1.8 కోట్ల యూరోలు. లీరా విలువ తెలియనివాళ్లు కంగారుపడకండి.

ఆ మరుసటి ఏడాది ఇదే ఇంటర్ సీడార్ఫ్‌ని మిలాన్‌కి ఇచ్చి బదులుగా కోకోని తీసుకుంది. పక్కింటివాళ్లకి ఇంత మేలు చేసిన క్లబ్బు ఇంకోటి ఉండదు.

శాన్‌సిరో_శీను | ఆదివారం ఉదయం 8:02

ఇంటర్ అభిమానులెవరైనా ఉంటే మా తరఫున కృతజ్ఞతలు.

మిలాన్‌లోనూ మొదటి ఏడాది నీరసంగానే గడిచింది. కోచ్ తెరిమ్‌ని తీసేసి 2001 నవంబర్‌లో అన్చెలోట్టిని తెచ్చారు. అక్కడా అదే సమస్య, 10వ నంబర్ తరహా ఆటగాళ్లు గుంపుగా ఉన్నారు. రుయి కోస్టా ఉన్నాడు, 2002లో రివాల్డో, సీడార్ఫ్ వచ్చారు. మరోవైపు డిఫెన్స్ ముందు ఏళ్ల తరబడి ఆడిన అల్బర్తీని వెళ్లిపోయాడు, రెడోండో మోకాలి గాయంతో ఆటకే దూరమయ్యాడు. అప్పుడు పిర్లోనే కోచ్ దగ్గరికి వెళ్లి ఆ చోట నేను ఆడగలను, మజోనే దగ్గర ఆడాను అన్నాడని అన్చెలోట్టి తర్వాత చెప్పుకున్నారు. ఆయనకి ముందు నమ్మకం లేదట. ఆయన కూడా ఒకప్పుడు అదే మిలాన్ మిడ్‌ఫీల్డర్, ఆ చోట ఎంత కుస్తీ పట్టాలో తెలుసు.

ఫలితం? 2003లో ఛాంపియన్స్ లీగ్ (యూరప్ క్లబ్బుల్లో అన్నిటికన్నా పెద్ద కప్పు), 2004లో సీరీ ఆ, 2007లో మళ్లీ ఛాంపియన్స్ లీగ్. పదేళ్లలో మిలాన్‌కి 401 మ్యాచ్‌లు.

ఆ స్థానానికి ఇటలీలో "రెజిస్టా" అంటారు. వాళ్ల భాషలో సినిమా దర్శకుణ్ణి కూడా ఆ మాటతోనే పిలుస్తారు. వెనక్కి తోసేశారని కాదు, డైరెక్టర్ కుర్చీలో కూర్చోబెట్టారని చెప్పండి.

గట్టుసో_గ్యాంగ్ | ఆదివారం ఉదయం 9:30

ఆగండాగండి. అందరూ డైరెక్టర్ డైరెక్టర్ అంటున్నారు, లైట్‌బాయ్ ఎవరు? సెట్‌లో బరువులు మోసినవాడు ఎవరు?

మిలాన్ మిడ్‌ఫీల్డ్‌లో పక్కన గట్టుసో లేకపోతే పిర్లో లేడు. బంతి పోతే వెనక్కి ఉరికేది గట్టుసో, టాకిల్ చేసేది గట్టుసో, ఎల్లో కార్డు తినేది గట్టుసో. ఆ బంతి లాక్కొచ్చి రెండు గజాల దూరంలో ఉన్న పిర్లో కాలికి ఇస్తే, అక్కడ్నుంచి ఆయన 40 గజాల పాస్ వేస్తే, మర్నాడు పేపర్లో ఫోటో ఎవరిది? మౌలాలి సార్, మీవాడి పక్కన ఎవరు ఆడుతున్నారో ముందు అది చూడండి. ఆ పిల్లాడు ఉరికేవాడు కాకపోతే మీవాడు ఇబ్బంది పడతాడు, తప్పు వాడిది కాదు.

టచ్‌లైన్_టీచర్ | ఆదివారం ఉదయం 10:10

జిల్లా స్థాయిలో పిల్లలకి కోచింగ్ ఇస్తుంటాను. గట్టుసో_గ్యాంగ్ చెప్పింది నూటికి నూరు శాతం నిజం. మిలాన్ తర్వాత వెళ్లిన యువెంటస్‌లో కూడా అటు విదాల్, ఇటు మార్కీసియో, తర్వాత పోగ్బా. ఎప్పుడూ ఇద్దరు ఉరికేవాళ్ల మధ్యే పెట్టారు.

కానీ పిర్లో చేసే పని కూడా తేలికైంది కాదు. చూడ్డానికి నడుస్తున్నట్టే ఉంటాడు. ఏ పాత మ్యాచ్ అయినా పెట్టి బంతిని చూడకండి, పది నిమిషాలు పిర్లో మెడనే చూడండి. బంతి తన దగ్గరికి వచ్చే లోపు రెండు మూడుసార్లు భుజం మీదుగా వెనక్కి చూస్తాడు. ఒళ్లు సగం తిప్పి నిలబడతాడు, బంతి ఆగీ ఆగకముందే ముందువైపు తిరిగి ఉంటాడు. అంటే పాస్ ఎవరికో బంతి రాకముందే తేలిపోయింది. పిల్లలకి నేర్పడానికి కష్టమైంది ఇదే. నేను వెనకాల నిలబడి వేళ్లు చూపిస్తాను, బంతి అందుకునేలోపు ఎన్ని వేళ్లో చెప్పాలి. చెప్పకపోతే ఒక రౌండ్. మొదటి వారం అందరూ రౌండ్లే కొడతారు.

మౌలాలి సార్, ఆ స్థానంలో ప్రమాదం ఒకటుంది, ముందే చెప్తున్నా. 10వ నంబర్ బంతి పోగొట్టుకుంటే వెనకాల ఆరుగురున్నారు. డిఫెన్స్ ముందువాడు పోగొట్టుకుంటే గోలే. మొదటి నెలలో మీవాడు కచ్చితంగా ఒక గోల్ ఇప్పిస్తాడు. ఆ రోజు ఇంట్లో ఏమీ అనకండి.

అంకెల_ఆచారి | ఆదివారం ఉదయం 10:44

పార్క్ జీ-సంగ్ గురించి ఎవరూ ఎత్తరేం? 2010 ఛాంపియన్స్ లీగ్, మాంచెస్టర్ యునైటెడ్‌తో. యునైటెడ్ కోచ్ ఫెర్గూసన్ తన ఆటగాడు పార్క్‌కి అప్పజెప్పిన పని పిర్లోని వదలకుండా అంటిపెట్టుకోవడమే. కొత్త పెళ్లికొడుకు వెనక తోడుపెళ్లికొడుకు తిరిగినట్టు తిరిగాడు. ఓల్డ్ ట్రాఫర్డ్‌లో మిలాన్ 4-0తో ఓడింది, అందులో ఒక గోల్ ఆ పార్క్‌దే. ఒక్క మనిషిని ఆపేస్తే జట్టు మొత్తం ఆగిపోవడం గొప్పా, లోపమా?

శాన్‌సిరో_శీను | ఆదివారం ఉదయం 10:59

పొద్దున్నే ఆ మ్యాచ్ గుర్తుచేయాలా ఆచారి గారూ. ఇస్తాంబుల్ కూడా ఎత్తండి, పనైపోతుంది.

అంకెల_ఆచారి | ఆదివారం ఉదయం 11:03

ఎత్తుతాను. 2005 మే 25, ఇస్తాంబుల్‌లో లివర్‌పూల్‌తో ఛాంపియన్స్ లీగ్ ఫైనల్. మొదటి నిమిషంలోనే పిర్లో ఫ్రీకిక్, మాల్దీని గోల్. విరామానికి మిలాన్ 3-0. ఆ తర్వాత ఆరు నిమిషాల వ్యవధిలో లివర్‌పూల్ మూడు కొట్టింది. పెనాల్టీల్లో సెర్జిన్హో పైకి కొట్టాడు, పిర్లో కొట్టింది దుదెక్ ఆపాడు, చివర్లో షెవ్‌చెంకోది కూడా. ఆ రాత్రి తర్వాత ఆటే మానేద్దామనుకున్నానని పిర్లో తన ఆత్మకథలో రాసుకున్నాడు. రెండేళ్లకి ఏథెన్స్‌లో అదే లివర్‌పూల్ మీద 2-1తో కప్పు గెలిచారు. మొదటి గోల్ మళ్లీ పిర్లో ఫ్రీకిక్ నుంచే, ఇన్జాగీ ఒంటికి తగిలి లోపలికి పోయింది.

నైట్‌షిఫ్ట్_నందిని | ఆదివారం మధ్యాహ్నం 1:15

అందరూ క్లబ్బుల గురించే మాట్లాడుతున్నారు. నాకు పిర్లో అంటే 2006 జులై 4, డార్ట్‌మండ్. ఇటలీ-జర్మనీ సెమీఫైనల్.

మన టైమ్‌లో రాత్రి పన్నెండున్నరకి మొదలైంది. అప్పుడు హాస్టల్లో ఉన్నా. టీవీ హాల్‌కి తాళం వేసేస్తే వార్డెన్‌ని బతిమాలి తీయించాం. సౌండ్ పెట్టకూడదని షరతు. మూకీ సినిమా చూసినట్టే చూశాం. 90 నిమిషాలు 0-0. ఎక్స్‌ట్రా టైమ్ కూడా అయిపోవచ్చింది, దాదాపు మూడు కావస్తోంది. పక్కనమ్మాయి నా భుజం మీద నిద్రపోయింది. పెనాల్టీలకి వెళ్తే జర్మనీదే అని అందరికీ తెలుసు.

118వ నిమిషం ప్రాంతంలో పిర్లో దూరం నుంచి కొట్టాడు, జర్మనీ గోల్‌కీపర్ లేమన్ ఆపాడు, కార్నర్. ఆ కార్నర్‌ని జర్మన్లు తలతో బయటికి నెడితే బంతి మళ్లీ పిర్లో దగ్గరికే, పెనాల్టీ బాక్స్ అంచుకి. ఎవడైనా ఏం చేస్తాడు? గట్టిగా కొడతాడు, లేదా మళ్లీ గుంపులోకి వేస్తాడు. ఈయన కుడివైపుకి అడ్డంగా నడిచాడు. నడిచాడు, నడిచాడు. జర్మన్లు ఒక్కొక్కరూ అతని మీదకి జరుగుతున్నారు. అతను ఇంకా వదలట్లేదు. నేను సౌండ్ షరతు మర్చిపోయి "కొట్టరా బాబూ" అని అరిచాను. అప్పుడు వదిలాడు, తలెత్తి అటు చూడకుండా, వాళ్ల మధ్యలోంచి. అక్కడ గ్రోసో ఉన్నాడు. ఎడమకాలితో ఒంపు తిప్పి కొట్టాడు. 119వ నిమిషం.

వార్డెన్ పరిగెత్తుకొచ్చేసరికి డెల్ పియరో రెండోది కూడా కొట్టేశాడు.

ఆ నాలుగైదు అడుగుల నడకే నాకు పిర్లో. ప్రపంచకప్ సెమీఫైనల్ ఆఖరి నిమిషంలో అంత తీరుబడి ఎక్కడ్నుంచి వస్తుందో ఇప్పటికీ అర్థం కాదు.

బానెట్_సీటు | ఆదివారం మధ్యాహ్నం 1:32

ఇది చదువుతుంటే ఇప్పుడు కూడా ఒళ్లు జలదరించింది. ఆ ప్రపంచకప్‌లో ఇటలీ మొదటి గోల్ కూడా అతనిదే, ఘనా మీద బాక్స్ బయట్నుంచి. ఫైనల్లో మాతెరాజీ తలతో కొట్టిన గోల్‌కి కార్నర్ అతనిదే. షూటౌట్‌లో మొదటి పెనాల్టీ కొట్టిందీ అతనే. ఇస్తాంబుల్‌లో తప్పిన ఏడాదికే.

యువె_యాదగిరి | ఆదివారం సాయంత్రం 5:20

మిలాన్‌వాళ్లు చెప్పని భాగం నేను చెప్తా. 2011లో కాంట్రాక్టు అయిపోయింది. ముప్పై దాటినవాళ్లకి ఒక్క ఏడాదే ఇస్తామన్నారు. కోచ్‌గా అల్లేగ్రీ వచ్చాక డిఫెన్స్ ముందు వాన్‌బొమ్మెల్‌ని పెట్టి ఇతణ్ని ఎడమపక్కకి పంపడం మొదలైంది. మౌలాలి అన్నా, ఇది వినండి. ఒకప్పుడు జాగా లేక కూర్చున్న బానెట్ మీద నుంచి లెమ్మంటే ఈసారి బస్సే దిగిపోయాడు. వీడ్కోలుగా ఒక ఖరీదైన పెన్ను ఇచ్చారట. మా యువెంటస్‌కి ఒక్క యూరో ఖర్చు లేకుండా మనిషి వచ్చాడు.

2011 సెప్టెంబర్, మా కొత్త స్టేడియంలో మొదటి లీగ్ మ్యాచ్, పర్మా మీద. ఆ స్టేడియంలో మొదటి లీగ్ గోల్ లిచ్‌స్టైనర్ కొట్టాడు. పాస్ ఎవరిది? డిఫెన్స్ నెత్తిమీదుగా పిర్లోది. ఆ సీజన్ 38 లీగ్ మ్యాచ్‌ల్లో ఒక్కటీ ఓడకుండా టైటిల్ కొట్టాం. వరసగా నాలుగేళ్లు నాలుగు టైటిళ్లు. ముసలివాడైపోయాడని వదిలేసిన మనిషితో.

ఇంకొకటి. 2014 నవంబర్ 30, మా ఊరి ఇంకో జట్టు టొరీనోతో డెర్బీ. 1-1, మాకు పది మందే మిగిలారు, 93వ నిమిషం. బాక్స్ బయట బంతి కాలికి వచ్చింది. ఈసారి నడవలేదు నందిని గారూ, నేల మీదుగా మూలకి కొట్టేశాడు.

శాన్‌సిరో_శీను | ఆదివారం సాయంత్రం 5:41

ఆ పెన్ను మాట ఎత్తకు యాదగిరీ. ఆ గాయం ఇంకా మానలేదు.

నైట్‌షిఫ్ట్_నందిని | ఆదివారం సాయంత్రం 6:05

2012 యూరో, కీవ్, ఇంగ్లాండ్ మీద షూటౌట్. మోంటోలీవో బయటికి కొట్టాడు, ఇటలీ వెనకబడింది. గోల్‌కీపర్ జో హార్ట్ గీత మీద గంతులేస్తున్నాడు, నాలుక బయటపెట్టి వెక్కిరిస్తున్నాడు. పిర్లో వచ్చి బంతిని కింద నుంచి మెల్లగా ఎత్తాడు, చంటిపిల్లాడికి బంతి విసిరినట్టు. హార్ట్ పక్కకి దూకి పడుకున్నాడు, బంతి మధ్యలోంచి తీరిగ్గా వెళ్లింది. ఆ తర్వాత ఇంగ్లాండ్‌వాళ్లు వరసగా రెండు పోగొట్టుకున్నారు, ఒకటి బార్‌కి తగిలింది, ఒకటి ఇటలీ గోల్‌కీపర్ బుఫోన్ ఆపాడు.

(ఫైనల్ గురించి అడక్కండి. స్పెయిన్ 4-0.)

గోషామహల్_గ్యాలరీ | ఆదివారం రాత్రి 8:10

ఇటలీ ముచ్చట్లు మంచిగున్నయి. అప్పట్ల ఇండియా టీమ్ కోచ్, మన హైదరాబాద్ రహీమ్ సాబ్‌ని యాద్ చేయకపోతే ఎట్ల?

1962 జకార్తా ఆసియా క్రీడలు. డిఫెండర్ జర్నైల్ సింగ్‌కి తల పగిలి కుట్లు పడ్డయి. వెనక ఆడితే ప్రతి బంతీ తలతో ఆపాలె. రహీమ్ సాబ్ ఏం చేసిండు? ఇంట్లో కూసోబెట్టలే, ఏకంగా సెంటర్ ఫార్వర్డ్‌గా దింపిండు. ఫైనల్ల దక్షిణ కొరియా మీద 2-1, అందులో ఒక గోల్ ఆ జర్నైల్ సింగ్‌దే. బంగారు పతకం. వెనకోణ్ని ముందుకు, ముందోణ్ని వెనకకు. కోచ్‌కి కన్ను ఉండాలె గానీ జాగా ఏదైతే ఏంది. మీ పిలగాడు పుట్టిన ఊరికే ఇది కొత్త గాదు.

మౌలాలి_నాన్న | ఆదివారం రాత్రి 8:26

పెద్దాయనా, ఇది నాకే తెలియదు, సిగ్గుగా ఉంది. రహీమ్ సాబ్ పేరు విన్నాను, జర్నైల్ సింగ్ కథ వినలేదు.

జెర్సీసిటీ_రాంబాబు | సోమవారం ఉదయం 6:50

ఇక్కడ ఆదివారం రాత్రి. చివరి అంకం నేను చూశాను కాబట్టి రాస్తున్నా. 2015లో న్యూయార్క్ సిటీ జట్టుకి వచ్చాడు. విల్లా, లాంపార్డ్, పిర్లో ముగ్గురూ ఒకే జట్టు. ఆడేది యాంకీ స్టేడియంలో, అది బేస్‌బాల్ గ్రౌండ్. పిచ్‌ని మూలకి ఇరికించి గీతలు గీస్తారు, వెడల్పు తక్కువ. పొడవాటి పాస్‌లు వేసే మనిషికి ఇరుకింట్లో పెద్ద బీరువా పెట్టినట్టు ఉండేది.

నిజం చెప్పాలంటే అప్పటికి కాళ్లు అయిపోయాయి. 2016 మేలో సొంత గ్రౌండ్‌లో పక్కూరి రెడ్‌బుల్స్ చేతిలో 7-0తో ఓడారు, నేను అక్కడే ఉన్నాను. పిర్లో పక్కనుంచి ఇరవై ఏళ్ల కుర్రాళ్లు బైకుల్లా వెళ్లిపోతున్నారు. అమెరికాలో మొత్తం ఒకే ఒక గోల్, అదీ ఫ్రీకిక్.

2017 నవంబర్ 5న ప్లేఆఫ్ మ్యాచ్, ప్రత్యర్థి కొలంబస్. బయట సన్నగా చలి. 90వ నిమిషంలో పిర్లోని బెంచీ నుంచి మైదానంలోకి దింపారు. జట్టు ఆ మ్యాచ్ 2-0తో గెలిచినా రెండు మ్యాచ్‌ల లెక్కలో బయటికి పోయింది. మర్నాడు రిటైర్ అన్నాడు. స్టాండ్‌లో మా వెనక ఒక ఇటాలియన్ తాత, ఇక్కడే పుట్టి పెరిగినవాడిలా ఉన్నాడు, ఆ మూడు నాలుగు నిమిషాలూ నిలబడే ఉన్నాడు. బంతి పిర్లో కాలికి వచ్చినప్పుడల్లా చెయ్యి గాల్లో ఎటో చూపించేవాడు, అటు వెయ్యి అన్నట్టు.

చెన్నై_చందు | సోమవారం ఉదయం 9:12

మనకే దురదృష్టం. 2014లో ఇండియన్ సూపర్ లీగ్‌లో ఆడటానికి డెల్ పియరో ఢిల్లీకి వచ్చాడు, మాతెరాజీ మా చెన్నైకి ఆటగాడూ కోచూ రెండూ తనే అయి వచ్చాడు, నెస్టా కూడా వచ్చాడు. ఆ 2006 బ్యాచ్‌లో పిర్లో కూడా వచ్చి ఉంటే మెరీనా బీచ్‌లో విగ్రహం పెట్టేవాళ్లం.

అంకెల_ఆచారి | సోమవారం ఉదయం 9:40

కోచ్‌గా ఏం చేశాడో ఎవరూ రాయలేదు, అది కూడా కెరీర్‌లో భాగమే. 2020 జులై 30న యువెంటస్ అండర్-23 జట్టుకి కోచ్‌గా ప్రకటించారు. తొమ్మిది రోజుల తర్వాత కోచ్ సారీని తీసేసి పెద్ద జట్టునే చేతిలో పెట్టారు. అప్పటికి ఒక్క మ్యాచ్‌కి కూడా కోచింగ్ చేసి ఎరగడు. బార్సిలోనాని వాళ్ల గ్రౌండ్‌లోనే 3-0తో కొట్టారు, సొంత గ్రౌండ్‌లో బెనెవెంతో చేతిలో ఓడారు. ఇటలీ సూపర్ కప్, ఇటలీ కప్ రెండూ గెలిచారు. కానీ వరసగా తొమ్మిదేళ్లు గెలిచిన లీగ్‌లో నాలుగో స్థానం. సీజన్ అవగానే తీసేశారు. ఆ తర్వాత టర్కీలో కారాగుమ్రుక్, సెకండ్ డివిజన్‌లో సంప్‌దోరియా. ఆటగాడిగా చూసిన రోడ్డు కోచ్‌గా ఇంకా కనపడలేదు.

యువె_యాదగిరి | సోమవారం ఉదయం 9:58

ఆ ఏడాది రెండు కప్పులిచ్చాడు. తర్వాత వచ్చినాయన మొదటి ఏడాది ఒక్కటీ ఇవ్వలేదు. చాలు ఇంక.

మౌలాలి_నాన్న | ఆదివారం రాత్రి 7:35

వారం తర్వాత వస్తున్నాను, అందరికీ ఒక అప్‌డేట్ బాకీ ఉంది.

ద్రావిడ్ కథ టిఫిన్ దగ్గర చెప్పాను. "అది క్రికెట్ కదా నాన్నా" అన్నాడు. బాజియో గోల్ వీడియో చూపించాను. బాజియో బాగున్నాడన్నాడు. ఇక లాభం లేదనుకుని నందినిగారు చెప్పిన సెమీఫైనల్ పెట్టాను, సౌండ్ తీసేసి. పిర్లో అలా అడ్డంగా నడుస్తుంటే వీడు నా చెయ్యి పట్టుకుని "ఇంకా ఎందుకివ్వట్లేదు" అన్నాడు. ఆ ముక్క వరసగా ఎనిమిదిసార్లు చూశాడు.

ఇవాళ మ్యాచ్. టీచర్ గారు చెప్పినట్టే మొదటి పది నిమిషాల్లో బంతి పోగొట్టాడు, గోల్ పడింది. నేను నోరు మూసుకున్నాను. వాళ్ల అమ్మని కూడా గిల్లి ఆపాను. రెండో సగంలో ఒక బంతి రెక్కవైపు వేశాడు, అక్కడి పిల్లాడు అందుకుని వేసిన క్రాస్‌కి గోల్ వచ్చింది. అందరూ గోల్ కొట్టినవాడి మీద పడ్డారు. వీడు మాత్రం ఎందుకో పక్కనున్న బక్కపలచటి పిల్లాడి దగ్గరికి వెళ్లి చెయ్యి కలిపాడు. ఇంటికొచ్చేటప్పుడు అడిగితే "బంతి లాక్కొచ్చింది వాడే కదా" అన్నాడు. 2-1తో ఓడిపోయారు.

గట్టుసో_గ్యాంగ్ | ఆదివారం రాత్రి 7:41

మొదటి పేరాలు దాటేసి ఆ బక్కపలచటి పిల్లాడి దగ్గరికి నేరుగా వచ్చేశాను. వాడికి నా తరఫున ఒక బిర్యానీ.

టచ్‌లైన్_టీచర్ | ఆదివారం రాత్రి 7:55

బంతి పోగొట్టాక మళ్లీ బంతి అడిగాడా, దాక్కున్నాడా? నాకు అది ఒక్కటే చెప్పండి.

మౌలాలి_నాన్న | ఆదివారం రాత్రి 8:03

అయిదు నిమిషాలు దాక్కున్నాడు సార్. తర్వాత అడిగాడు.

ఇప్పుడు కొత్త పేచీ. పిర్లో మిలాన్‌లో, యువెంటస్‌లో 21వ నంబర్ వేసుకున్నాడట, వీడికీ 21 కావాలట. అకాడమీలో జెర్సీలు 16 వరకే ఉన్నాయి.

బానెట్_సీటు | ఆదివారం రాత్రి 8:06

12 ఖాళీగా ఉందేమో కనుక్కోండి సార్. అద్దంలో చూసుకుంటే సరిపోతుంది.